పొగ పెడితే పూసే అనాస: అట్లాంటిక్ దీవిలో రెండు పంటల కథ

అనాస అన్న మాట మనది కాదు. 16వ శతాబ్దంలో పోర్చుగీసు వాళ్ళు దక్షిణ అమెరికా పండుని ఓడల్లో మన తీరానికి తెచ్చినప్పుడు పేరు కూడా దానితోపాటే దిగింది. అక్కడి ఆదివాసుల భాషలోని మాట పోర్చుగీసు నోట ‘అననాష్’ అయింది, మన నోట అనాస అయింది. పైనాపిల్ అనే పేరు ఇంగ్లీషు వాళ్ళు విడిగా పెట్టుకున్నది. ఇప్పుడు బజార్లో ఆ పేరే ఎక్కువగా వినపడుతున్నా, ఇళ్ళల్లో పెద్దవాళ్ళు ఇంకా అనాసపండు అనే అంటారు.

చాయ్ సంగతీ ఇలాంటిదే. ఒకే చైనా మొక్కకి చైనాలోనే రెండు ఉచ్చారణలు ఉన్నాయి. దక్షిణాన కాంటన్, మకావ్ వైపు ‘చా’ అంటారు, ఫుజియన్ రేవుల్లో ‘టే’ అంటారు. ఫుజియన్ వాళ్ళతో బేరం చేసిన డచ్చి వర్తకులు ‘టే’ని యూరప్‌కి మోసుకెళ్ళారు, మనకి ఇంగ్లీషు ద్వారా వచ్చిన ‘టీ’ అదే. ‘చా’ మధ్య ఆసియా మీదుగా పారశీకంలోకి వెళ్ళి, అక్కడినుంచి చాయ్‌గా హైదరాబాద్ దాకా వచ్చింది. పోర్చుగీసు వాళ్ళకి మకావ్‌లో స్థావరం ఉండేది కాబట్టి వాళ్ళూ ‘చా’నే పట్టుకున్నారు, ‘షా’ అని పలుకుతారు. పశ్చిమ యూరప్ అంతా ‘టీ’ అంటుంటే వాళ్ళు మాత్రం మన చాయ్‌కి చుట్టమైన మాట వాడతారు.

ఆ ‘షా’, ఆ ‘అననాష్’ రెండూ ఒకేచోట పండే దీవి ఒకటుంది. పేరు సావో మిగెల్. పోర్చుగల్‌కి చెందిన అజోర్స్ దీవులు మొత్తం తొమ్మిది, వాటిలో ఇదే పెద్దది. లిస్బన్‌కి పడమరగా సుమారు 1,450 కిలోమీటర్ల దూరాన అట్లాంటిక్ నడిమధ్యన ఉంటుంది. విస్తీర్ణం సుమారు 745 చదరపు కిలోమీటర్లు. పొడవు అరవై కిలోమీటర్లు దాటినా వెడల్పు చాలా చోట్ల పదిహేను కిలోమీటర్లకి లోపే. అంతా అగ్నిపర్వతాలు కక్కిన నేల. పాత అగ్నిబిలాల్లో ఇప్పుడు సరస్సులు నిండి ఉన్నాయి, కొన్నిచోట్ల భూమి లోంచి ఇంకా ఆవిరి వస్తూనే ఉంటుంది.

ఈ దీవికి వెళ్ళొచ్చినవాళ్ళు రాసేవి చదివితే తేయాకు తోటలు, అనాస గాజు ఇళ్ళు రెండూ ఒకే వాక్యంలో వస్తాయి. ‘ఇక్కడి వాతావరణం ఎంత గొప్పదంటే యూరప్‌లో ఎక్కడా పండనివి ఇక్కడ పండుతాయి’ అన్నది ఆ రాతల సారాంశం. ఆ మాట సగం వరకే నిజం. తేయాకుకి ఆ వాతావరణం సరిగ్గా సరిపోతుంది. అనాసకి అస్సలు సరిపోదు. విచిత్రం ఏమిటంటే, సరిపోయిన పంట దాదాపు అంతరించిపోయి ఒక్క కర్మాగారం దాకా కుంచించుకుపోయింది. సరిపోని పంట మాత్రం ఎందరో చిన్న రైతుల చేతుల్లో నిలబడింది. ఇలా ఎందుకు జరిగిందో అర్థం కావాలంటే ముందు మూడో పంట గురించి తెలుసుకోవాలి. అది ఇప్పుడు అక్కడ వ్యాపార పంటగా లేదు.

నారింజ మిగిల్చినవి

15వ శతాబ్దంలో పోర్చుగీసు వాళ్ళు వచ్చి స్థిరపడేదాకా ఈ దీవుల్లో జనం లేరు. కాబట్టి ఆదినుంచీ ఉన్న పంట అంటూ ఇక్కడ ఏదీ లేదు, అన్నీ ఎవరో ఒకరు తెచ్చి నాటినవే. మొదట గోధుమ వేశారు. తర్వాత బట్టలకి నీలం రంగునిచ్చే వోడ్ అనే మొక్క బాగా డబ్బు తెచ్చింది. ఆ రంగు ఉత్తర యూరప్ అద్దకాల వాళ్ళకి వెళ్ళేది. ఆ వ్యాపారాన్ని దెబ్బకొట్టింది నీలిమందు. మన దేశం నుంచీ, తర్వాత అమెరికా ఖండాల నుంచీ వెళ్ళిన నీలిమందు ముందు వోడ్ నిలవలేకపోయింది. 17వ శతాబ్దం ముగిసేసరికి ఆ పంట కథ దాదాపు అయిపోయింది.

ఆ తర్వాత నారింజ వచ్చింది. 18వ శతాబ్దం చివరి నుంచి 19వ శతాబ్దం మధ్యదాకా లండన్ చలికాలంలో తిన్న నారింజల్లో పెద్ద వాటా సావో మిగెల్‌దే. ‘సెయింట్ మైకేల్స్ ఆరెంజ్’ అంటే అక్కడ నాణ్యతకి గుర్తు. పండు కుళ్ళేలోగా చేరాలి కాబట్టి ఆ రవాణా కోసమే వేగంగా పోయే చిన్న తెరచాప ఓడలు ఇంగ్లండ్‌లో కట్టారు. దీవిలో నారింజ తోటల యజమానులు పెద్ద పెద్ద భవంతులు కట్టుకున్నారు.

నారింజకి అట్లాంటిక్ గాలి పడదు, పూత రాలిపోతుంది. అందుకని తోట చుట్టూ ఎత్తయిన రాతి గోడలు కట్టి, గోడల వెంట గాలిని ఆపే చెట్లు నాటారు. అలా తెచ్చిన వాటిలో ఆస్ట్రేలియాకి చెందిన ఒక చెట్టు ఉంది. పూలు కమ్మటి వాసన వేస్తాయని దాన్ని అక్కడివాళ్ళు ‘ఇన్సెన్సో’ అంటారు, అంటే ధూపం అని. ఈ చెట్టుని గుర్తుపెట్టుకోండి, మళ్ళీ వస్తుంది.

1830ల నుంచి నారింజ చెట్లకి కష్టాలు మొదలయ్యాయి. మొదలు దగ్గర బంక కారి చెట్టు ఎండిపోయే తెగులు పట్టింది. కన్నీరు కారుతున్నట్టు ఉంటుందని రైతులు దాన్ని ‘లాగ్రిమా’ అన్నారు, ఆ మాటకి కన్నీరనే అర్థం. దానికి తోడు పొలుసు పురుగు వచ్చింది. ఆపైన స్పెయిన్ నుంచి ఆవిరి ఓడల మీద, రైళ్ళ మీద చవక నారింజ లండన్ చేరడం మొదలైంది. ఒకే పంట మీద బతికిన దీవి కాళ్ళ కింద నేల కదిలింది. 1870ల నాటికి తోటలు నరికేస్తున్నారు, జనం బ్రెజిల్‌కీ, అమెరికాలోని మసాచుసెట్స్ రేవు పట్టణాలకీ వలసపోతున్నారు.

ఆ రోజుల్లో అక్కడి భూస్వాములు చేసిన ఒక పని నాకు ముఖ్యం అనిపిస్తుంది. 1843లోనే వాళ్ళు వ్యవసాయాభివృద్ధి సంఘం ఒకటి పెట్టుకున్నారు. ప్రపంచం నలుమూలల నుంచి విత్తనాలు, మొక్కలు తెప్పించి ప్రయత్నించి చూశారు. పొగాకు వేశారు. చిలగడదుంప వేసి దానితో ఆల్కహాల్ కాచారు. న్యూజిలాండ్ నార మొక్క వేశారు. జపాన్ నుంచి వచ్చిన క్రిప్టోమేరియా చెట్లు కొండల మీద నాటారు. వీటిలో కొన్ని కొన్నాళ్ళు నడిచాయి, కొన్ని పోయాయి. తేయాకు, అనాస ఆ ప్రయత్నాల జాబితాలోవే. ఇవాళ ‘సంప్రదాయ పంటలు’ అని పిలుస్తున్న ఈ రెండూ ఒక పంట కూలిపోయినప్పుడు జనం కంగారుగా చేసిన ప్రయోగాలు. ఆ కంగారుని మరిచిపోయి సంప్రదాయం అన్న మాట ఒక్కటే వాడితే అసలు సంగతి అర్థం కాదు.

ఉత్తరాన తేయాకు

తేయాకు మొక్క కమేలియా జాతిది. దానికి పులుపు నేల కావాలి, ఏడాది పొడవునా వాన కావాలి, నీరు నిలవకుండా జారిపోయే వాలు కావాలి, గడ్డకట్టే చలి ఉండకూడదు. సావో మిగెల్ ఉత్తర తీరంలో ఇవన్నీ ఉన్నాయి. సముద్రం మీంచి వచ్చే తడిగాలి కొండ వాలుకి తగిలి మబ్బుగా, తుంపరగా మారుతుంది. తీరంలో చలికాలంలో కూడా సగటు ఉష్ణోగ్రత 14 డిగ్రీల దగ్గర ఉంటుంది, ఎండాకాలం సగటు 22 దాటడం తక్కువ. అలాంటి చోట తేయాకు మొక్క ఇబ్బంది లేకుండా పెరుగుతుంది.

మొక్క దీవికి వచ్చింది 1820ల ప్రాంతంలో. రియో డి జనీరోలో పోర్చుగల్ రాజు దోం జువాంవ్ ఆరవవాడి రక్షక దళానికి అధికారిగా ఉన్న జసింటో లైట్ అనే దీవివాసి బ్రెజిల్ నుంచి తెచ్చాడని చెబుతారు. చాలా ఏళ్ళు అది తోటల్లో అందానికి పెంచే మొక్కగానే ఉండిపోయింది. నారింజ దెబ్బతిన్నాక గానీ దాన్ని పంటగా చూడలేదు. తీరా చూశాక అసలు సమస్య బయటపడింది. మొక్కని పెంచడం వచ్చు, ఆకుని టీగా మార్చడం ఎవరికీ రాదు.

ఇది చిన్న విషయం కాదు. కోసిన తేయాకు అలాగే ఎండబెడితే గడ్డి రుచి తప్ప ఏమీ రాదు. బ్లాక్ టీ కావాలంటే ముందు ఆకుని కొన్ని గంటలు వాడబెట్టాలి. మెత్తబడ్డాక నలిపి చుట్టాలి. అప్పుడు ఆకు లోపలి రసం బయటికొచ్చి గాలి తగిలి రాగి రంగుకి తిరుగుతుంది. సరిగ్గా ఆ రంగు, ఆ వాసన వచ్చిన ఘడియలో వేడిగాలి పట్టి ఆపేయాలి. ఒక అరగంట ముందైతే చప్పగా, వెనకైతే చేదుగా ఉంటుంది. గ్రీన్ టీ పద్ధతి దీనికి తలకిందులు. కోసిన వెంటనే వేడి తగిలించి ఆ రంగు మార్పే జరగకుండా చేయాలి. ఏ పుస్తకం చదివినా ఆ ఘడియ ముక్కుకి, వేళ్ళకి అలవాటు కావాల్సిందే.

అందుకే సంఘం వాళ్ళు మకావ్‌కి కబురు పంపారు. 1878 మార్చిలో లావ్-ఆ-పాన్ అనే తేయాకు నిపుణుడు, అతనితో పాటు దుబాసీగా లావ్-ఆ-టెంగ్ దీవిలో దిగారు. నేర్పించడానికి ఇద్దరు మనుషులు సగం ప్రపంచం దాటి వచ్చారు. ఏడాదికి పైగా ఉండి ఎలా కోయాలో, ఎలా వాడబెట్టాలో, ఎలా నలపాలో చూపించి వెళ్ళారు. ఇంచుమించు ఇలాంటి కథే తర్వాత జార్జియాలో నల్లసముద్రం ఒడ్డున జరిగింది, 1893లో ల్యూ జున్‌జో అనే చైనా నిపుణుణ్ణి అక్కడికి పిలిపించుకున్నారు. ఒక దేశపు చేతి పని ఇంకో దేశానికి వెళ్ళిందంటే దానివెనక ఇలా ఇల్లు వదిలి వెళ్ళిన మనిషి ఉంటాడు. చాలాసార్లు అతని పేరు కూడా మిగలదు. ఇక్కడ ఈ ఇద్దరి పేర్లూ మిగిలాయి, అది నాకు సంతోషం.

1883లో గొర్రియానా అనే చోట తేయాకు కర్మాగారం మొదలైంది. దీవి ఉత్తర తీరంలో, రిబైరా గ్రాండె పరిధిలో ఉంది. ఎర్మెలిండా గాగో ద కామరా అనే భూస్వామి కుటుంబానిది. ఇప్పటికీ వాళ్ళ వారసుల చేతుల్లోనే నడుస్తోంది. అందులో ఇంగ్లండ్‌లో మార్షల్ కంపెనీ చేసిన పాత ఇనుప యంత్రాలు ఇవాళ్టికీ తిరుగుతున్నాయి. అస్సాం తోటల కోసం కూడా ఆ కంపెనీ ఇలాంటి యంత్రాలే తయారుచేసింది. పక్కనే పారే వాగు నీటితో సొంతంగా కరెంటు తయారు చేసుకునే ఏర్పాటు చాలా ముందే పెట్టుకున్నారు. తరువాత చుట్టుపక్కల కర్మాగారాలు మూతపడుతున్నా ఇది నిలబడడానికి ఆ చవక కరెంటు ఒక కారణం అంటారు. నమ్మదగ్గ మాటే, ఎందుకంటే ఆకుని ఎండబెట్టడానికీ నలపడానికీ అయ్యే ఖర్చే టీ కర్మాగారాన్ని నిలబెట్టేదీ ముంచేదీ.

ఒక దశలో దీవిలో పదికి పైగా టీ కర్మాగారాలు ఉండేవి. అవి ఎందుకు పోయాయి? వాతావరణం మారలేదు, తెగులూ రాలేదు. పైగా ఇక్కడి తేయాకుకి పురుగుల బెడద చాలా తక్కువ. అస్సాం రైతుల్ని ఏడిపించే టీ దోమ లాంటివి సముద్రం దాటి ఇంతదూరం రాలేదు, వచ్చినా ఈ చల్లటి వాతావరణంలో బతకడం కష్టం. అందుకే పురుగుమందు లేకుండా పండిస్తామని గొర్రియానా వాళ్ళు చెప్పుకోగలుగుతున్నారు. దెబ్బ వేరే వైపు నుంచి వచ్చింది. 20వ శతాబ్దంలో పోర్చుగల్ తన వలస రాజ్యమైన మొజాంబిక్‌లో, గురూయె కొండల్లో పెద్ద ఎత్తున తేయాకు వేయించింది. అక్కడ కూలి చవక, భూమి అపారం, కోత కాలం పొడుగు. సావో మిగెల్‌లో ఏప్రిల్ నుంచి సెప్టెంబరు దాకానే చిగురు వస్తుంది, మిగతా నెలలు మొక్క నిద్రపోతుంది. లిస్బన్ కొట్లోకి రెండు టీలూ వచ్చినప్పుడు కొనేవాడు ధర చూశాడు. ఇంకోవైపు దీవిలో కూలీలే దొరకకుండా పోయారు, ఊళ్ళకి ఊళ్ళు అమెరికాకీ కెనడాకీ వెళ్ళిపోయాయి.

1980లు ముగిసేసరికి గొర్రియానా ఒక్కటే మిగిలింది. దానికి కొన్ని కిలోమీటర్ల దూరంలో 1920ల నుంచి నడిచి మూతపడ్డ పోర్టో ఫొర్మోజో కర్మాగారాన్ని బాగుచేసి 2001లో మళ్ళీ తెరిచారు. ఇప్పుడు గొర్రియానా నుంచి ఏడాదికి కొన్ని పదుల టన్నుల టీ వస్తుంది. అస్సాంలో ఒక మోస్తరు పెద్ద తోట ఒక్కటే ఏడాదికి ఇంతకి ఎన్నో రెట్లు తీస్తుంది. చేత్తో ఆకు కోయడం చాలా వరకు పోయింది. ఇప్పుడు తీర్చిన కంచెల్లా ఉండే తేయాకు వరసలకి అటొకరూ ఇటొకరూ నడుస్తూ, మధ్యలో మోటారు కత్తెరని పట్టుకుని, వెనక వేలాడే పెద్ద సంచీలోకి చిగుర్లు పడేలా కోస్తారు. తయారైన ఆకులోంచి కాడలు ఏరే పని మాత్రం ఇంకా బల్లల ముందు కూర్చున్న ఆడవాళ్ళ చేతుల్లో సాగుతోంది.

‘యూరప్‌లో ఏకైక తేయాకు తోట’ అని చాలామంది రాస్తారు. ఇప్పుడు అది సరికాదు. ఇంగ్లండ్‌లోని కార్న్‌వాల్‌లో 2005 నుంచి అక్కడే పండిన టీ అమ్ముతున్నారు, స్కాట్లండ్‌లోనూ చిన్న తోటలున్నాయి. జార్జియాని యూరప్ కింద లెక్కేస్తే ఆ కథే వేరు. 1883లో మొదలైన కర్మాగారం ఆగకుండా ఇవాళ్టిదాకా నడవడం, అదే దీని అసలు గొప్పతనం. ఆ నిజమే చాలు.

దక్షిణాన గాజు కింద

ఇక అనాస. ఉత్తర తీరం నుంచి అరగంట కారు ప్రయాణం చేసి దక్షిణ తీరానికి వస్తే పోంటా డెల్గాడా పట్టణం చుట్టూ, ముఖ్యంగా ఫజా ద బైషో వైపు, తెల్ల సున్నం పూసిన గాజు పైకప్పులు వరసగా కనిపిస్తాయి. లాగోవా, విలా ఫ్రాంకా దో కాంపో వైపు కూడా ఉన్నాయి. చాలా చోట్ల అవి ఒకప్పటి నారింజ తోటల రాతి గోడల మధ్యనే లేచాయి.

అనాస ఉష్ణమండలపు మొక్క. 15 డిగ్రీల కిందికి పోతే దాని ఎదుగుదల దాదాపు ఆగిపోతుంది. సావో మిగెల్‌లో చలికాలం సగటే అంతకంటే తక్కువ. ఆరుబయట నాటితే మొక్క చావకపోవచ్చు గానీ తినదగ్గ పండు రాదు. మన సీతంపేట ఏజెన్సీలో సవర గిరిజనులు కొండ వాలు మీద, చెట్ల నీడలో అనాస పిలకలు నాటి వదిలేస్తారు. ఎండ, వాన, నేల మిగతా పని చేసుకుంటాయి. అట్లాంటిక్ మధ్యన ఆ ఎండనీ ఆ వేడినీ మనిషే తయారుచేయాలి.

దీవి అగ్నిపర్వతం మీద ఉంది కాబట్టి ఆ వేడినే గాజు ఇళ్ళకి వాడతారని అనుకునేవాళ్ళు ఉన్నారు. అది పొరపాటు. రిబైరా గ్రాండె వైపు భూగర్భ ఆవిరితో కరెంటు తీస్తున్నారు, ఫుర్నాస్‌లో వేడి నేలలో గుండిగలు పాతి మాంసం కూర వండుకుంటారు. అనాస ఇళ్ళకి మాత్రం వేడి రెండు చోట్ల నుంచి వస్తుంది. పైనుంచి గాజు పట్టి ఉంచిన ఎండ. కింద నుంచి కుళ్ళుతున్న ఆకు.

దీన్ని వాళ్ళు ‘వేడి పరుపు’ అంటారు. నేల తవ్వి, తరిగిన కొమ్మలు, ఆకులు, రంపపు పొట్టు, మట్టి పొరలు పొరలుగా వేస్తారు. తడి తగిలి అవి పులుస్తున్నప్పుడు వేడెక్కుతాయి. పేడగుట్టలో చెయ్యి పెట్టి చూసినవాళ్ళకి ఈ వేడి తెలుసు. మొక్క వేళ్ళకి ఆ వెచ్చదనం తగులుతుంది, అదే తర్వాత ఎరువూ అవుతుంది. మరి అన్ని కొమ్మలు ఎక్కడినుంచి? ఇక్కడే ఇన్సెన్సో మళ్ళీ వస్తుంది. నారింజకి గాలి తగలకుండా నాటిన ఆ ఆస్ట్రేలియా చెట్టు, నారింజ పోయాక అడవుల్లోకి పాకి స్థానిక చెట్లని మింగేస్తూ పెద్ద సమస్యగా మారింది. దాని కొమ్మలే నరికి తరిగి అనాస పరుపుల్లో వేస్తున్నారు. చచ్చిపోయిన పంట కాపలాదారు బతికున్న పంటకి పక్క పరుస్తున్నాడు. ఈ దీవి సేద్యంలో నన్ను అన్నిటికంటే ఎక్కువ కదిలించే విషయం ఇదే.

పూర్వం పరుపులో ఇంకోటి కూడా వేసేవారు. ‘లైవా’ అని, కొండల మీద పెరిగే నాచు, గడ్డి, వేళ్ళతో కలిసిన పచ్చి పొర. దాన్ని నేల మీంచి చాపలా చుట్టి తెచ్చేవారు. పరుపుకి అంతకంటే మంచిది లేదని రైతులు అనేవారు. కానీ ఆ నాచు పొరే వాన నీటిని స్పాంజిలా పట్టి ఉంచి ఊటలకి వదిలేది. దాన్ని ఒలిచేస్తే కొండ బోసిపోతుంది, మళ్ళీ పట్టడానికి ఏళ్ళు పడుతుంది. అందుకే ఇప్పుడు దాని బదులు కొమ్మల తరుగు మీద ఎక్కువగా ఆధారపడుతున్నారు. సంప్రదాయ పద్ధతి అనగానే ప్రకృతికి హాని లేనిదని అనుకోకూడదని ఈ లైవా చెబుతుంది.

గాజు ఇంట్లోకి వచ్చే ముందు మొక్కకి ఒక బాల్యం ఉంది. పండు కోసేసిన పాత మొక్క మొదలుని ఆకులు ఒలిచి, చిన్న గాజు పెట్టెల్లాంటి నారుమళ్ళలో పాతుతారు. దాని కణుపుల నుంచి పిలకలు వస్తాయి. కొన్ని నెలలు పెరిగాక వాటిని విడదీసి మళ్ళీ నాటుతారు, చివరికి పెద్ద గాజు ఇంటి వేడి పరుపులోకి చేరుస్తారు. నాటిన దగ్గర్నుంచి పండు చేతికొచ్చేదాకా దాదాపు రెండేళ్ళు. ఒక్క మొక్కకి ఒక్కటే పండు.

పొగ

ఈ రెండేళ్ళ మధ్యలో జరిగే ఒక తంతు మొత్తం ప్రపంచపు అనాస సేద్యాన్నే మార్చింది. మొక్కలు తగినంత ఎదిగాక, గాజు ఇంటి తలుపులు, కిటికీలు మూసేసి, డబ్బాల్లో ఆకులు వేసి కాలుస్తారు. మంట రాకూడదు, దట్టంగా పొగ మాత్రమే రావాలి. సాయంత్రం పెట్టిన పొగ రాత్రంతా లోపల నిలుస్తుంది. ఇలా వరసగా కొన్ని రోజులు. కొన్ని వారాలకి ఇంట్లో ఉన్న మొక్కలన్నీ కూడబలుక్కున్నట్టు ఒకేసారి పూతకి వస్తాయి.

పొమ్మనలేక పొగబెట్టడం మన సామెత. అక్కడ రమ్మని పొగపెడతారు, పువ్వు వస్తుంది.

ఇది 1870ల్లో అనుకోకుండా బయటపడిందని చెప్పుకుంటారు. గాజు ఇంటికి మరమ్మతు చేస్తున్న వడ్రంగి లోపల చెక్క పొట్టు కాల్చాడని కొందరు, పురుగులు పోవాలని పొగ పెట్టారని కొందరు అంటారు. ఏది నిజమైనా, పొగ పట్టిన మొక్కలు మిగతావాటికంటే ముందు పూశాయి. ఎవరో ఒకరు ఆ తేడా గమనించారు, మళ్ళీ చేసి చూశారు. గమనించిన ఆ మనిషి పేరు తెలియకపోయినా ఆ చూపుకి దండం పెట్టాలి.

పొగలో ఏముందో తేలడానికి అరవై ఏళ్ళు పట్టింది. 1932లో ప్యూర్టో రికోలో జరిగిన పరిశోధన వల్ల అది ఎథిలీన్ అనే వాయువు పని అని తెలిసింది. ఈ ఎథిలీన్ మనకి కొత్తదేం కాదు. అరటి గెలని గదిలో పెట్టి పొగబెట్టి మాగబెట్టడం మన ఊళ్ళల్లో తరాలుగా ఉన్న పద్ధతి. మామిడి కాయల్ని గడ్డిలో కప్పితే కాయ వదిలే ఎథిలీనే పక్క కాయనీ పండిస్తుంది. ఎక్కువ మొక్కల్లో ఈ వాయువు పండడానికి, ఆకు రాలడానికి సంకేతం. అనాస కుటుంబంలో మాత్రం అదే వాయువు పూతకి పిలుపు. అంటే మన అరటి గదిలో పొగ పంట చివరి మెట్టు, అక్కడి గాజు ఇంట్లో పొగ పంట మొదటి మెట్టు.

ఇవాళ మన దేశంతో సహా అనాస పండే చాలా చోట్ల రైతులు మొక్క మొవ్వులో ఎథెఫాన్ ద్రావణం పోస్తారు. అది మొక్కలో విడిపోయి ఎథిలీన్ అవుతుంది, చేనంతా ఒకేసారి పూస్తుంది, ఒకేసారి కోతకొస్తుంది. ఆ ఆలోచనకి మూలం అట్లాంటిక్ దీవి గాజు ఇంటి పొగ. సావో మిగెల్ రైతులు మాత్రం పొగ దగ్గరే ఆగారు. ఒక్కో ఇంటికి ఒక్కో నెలలో పొగ పెట్టి, ఏడాది పొడవునా ఏదో ఒక ఇంట్లో పండు ఉండేలా చూసుకుంటారు. క్రిస్మస్‌కి పోర్చుగల్ బల్లల మీద ఈ పండుకి గిరాకీ ఎక్కువ, ఆ లెక్క పెట్టుకుని ముందే పొగ వేస్తారు.

ఏది ఎందుకు నిలిచింది

మొదట్లో వేసిన ప్రశ్నకి ఇప్పుడు రావచ్చు. తేయాకు పోవడానికీ, అనాస నిలవడానికీ నాకు కనిపించే పెద్ద కారణం పంట ఇంటి నుంచి బయటికి వెళ్ళే తీరులో ఉంది. తేయాకు కోసిన కొద్ది గంటల్లో కర్మాగారం చేరాలి. కర్మాగారం నడవాలంటే టన్నుల్లో ఆకు కావాలి. ఒక కర్మాగారం మూతపడితే దానికి ఆకు పోసే చుట్టుపక్కల తోటలన్నిటికీ అదే ఆఖరి రోజు. పైగా టీ పొడి అయ్యాక దాని ఊరు పేరు పోతుంది. మొజాంబిక్ ఆకుతో కలిపి డబ్బాలో పోస్తే ఎవరూ గుర్తుపట్టరు.

అనాసకి కర్మాగారం అక్కర్లేదు. ఒక కుటుంబం రెండు మూడు గాజు ఇళ్ళతో బతుకు నడుపుకోవచ్చు. పక్కవాడు మానేసినా వీళ్ళ పంట ఆగదు. పండు ఆకుల కిరీటంతో సహా నిండుగా బజారుకి వెళ్తుంది, చూడగానే తెలుస్తుంది. కిరీటం చిన్నగా ఉంటుంది, లోపల గుజ్జులో తీపితో పాటు పదునైన పులుపు, విపరీతమైన వాసన ఉంటాయి. పోర్చుగల్‌లో భాష కూడా దీన్ని కాపాడింది. అక్కడ ఆరుబయట పండి ఓడల మీద వచ్చే మామూలు పైనాపిల్‌ని ‘అబకషీ’ అంటారు. ‘అననాష్’ అంటే అజోర్స్ గాజు ఇంటి పండే అని చాలామంది లెక్క. 1996లో యూరోపియన్ యూనియన్ దీనికి పుట్టిన చోటు పేరుతో రక్షణ ఇచ్చింది. మన బంగినపల్లి మామిడికి 2017లో వచ్చిన జీఐ గుర్తింపు లాంటిది.

అలాగని అనాస సుఖంగా ఉందని కాదు. 19వ శతాబ్దం చివర ఈ పండు ఇంగ్లండ్, జర్మనీ ధనికుల విందుల్లో మెరిసింది. తర్వాత హవాయి నుంచి డబ్బాల్లో అనాస ముక్కలు రావడం మొదలై ఆ మెరుపు పోయింది. మొదటి ప్రపంచ యుద్ధం ఎగుమతుల్ని దెబ్బతీసింది. ఇప్పుడు కోస్టారికా నుంచి వచ్చే పండు దీని ధరలో చిన్న భాగానికే దొరుకుతుంది. గాజు పగిలితే మార్చాలి, చెక్క చట్రం పుచ్చితే మార్చాలి, పరుపు ప్రతి పంటకీ కొత్తగా వెయ్యాలి. ఇవన్నీ మనిషి వంగి చేసే పనులే. పట్టణం పెరుగుతున్న కొద్దీ పోంటా డెల్గాడా చుట్టూ ఉన్న గాజు ఇళ్ళ స్థలాలకి ఇళ్ళ కోసం ధర పలుకుతోంది. రెండేళ్ళకి ఒక పండు ఇచ్చే నేలని అమ్మకుండా ఉంచుకోవడం ఏ కుటుంబానికైనా టెన్షనే.

ఇంకో నిజం కూడా చెప్పాలి. ఇవాళ దీవి ఆదాయంలో తేయాకు, అనాస రెండూ చిన్నవే. పచ్చికలో మేసే నలుపు తెలుపు ఆవులు దీవి అంతటా కనిపిస్తాయి. పోర్చుగల్ ఉత్పత్తి చేసే పాలలో సుమారు మూడో వంతు అజోర్స్ దీవుల నుంచే వస్తుంది. 2015లో యూరప్ పాల కోటాలు ఎత్తేసినప్పుడు ఆ పాల ధర కూడా ఊగిసలాడింది, ఒకే సరుకు మీద ఆధారపడితే ఏమవుతుందో నారింజ కాలం నాటి మాట మళ్ళీ గుర్తొచ్చింది. ఇక పర్యాటకులు. తేయాకు కర్మాగారంలోకి వచ్చి యంత్రాలు చూసి, ఒక కప్పు తాగి, ఒక పొట్లం కొనుక్కుపోతారు. అనాస ఇళ్ళ పక్కనే చిన్న కొట్లో పండు, జామ్, లిక్కర్ కొంటారు. ఎగుమతి దళారికి అమ్మితే వచ్చే దానికంటే ఇలా చేతికే అమ్మితే ఎక్కువ మిగులుతుంది. పర్యాటకుల కోసం పంటని బొమ్మలా నిలబెట్టారని కొందరు విసుక్కుంటారు. నేను వాళ్ళతో ఏకీభవించను. ఈ దీవి పంటల్ని కొనేవాడు ఎప్పుడూ బయటినుంచే వచ్చాడు. లండన్ వర్తకుడు ఓడ పంపినప్పుడు నారింజ ఉంది, ఇప్పుడు విమానం దిగిన మనిషి కప్పు పట్టుకుంటే తేయాకు ఉంది.

ఫజా ద బైషోలో ఒక గాజు ఇంట్లో పండు కోసే రోజున పని పండుతో అయిపోదు. పండు బుట్టలోకి వెళ్ళాక పాత మొక్కని పెకిలిస్తారు, ఆకులు ఒలుస్తారు, చేతి పొడవుకి తక్కువ ఉండే బోడి మొదలుని పక్కన పెడతారు. పరుపులో మిగిలిన నల్లటి మట్టి ఎత్తి బయట పోస్తారు. ఇన్సెన్సో కొమ్మల లారీ వచ్చి తలుపు దగ్గర ఆగుతుంది. ఆ మధ్యాహ్నమే బోడి మొదళ్ళని నారుమడిలో పడుకోబెట్టి మట్టి కప్పుతారు. వాటి కణుపుల నుంచి వచ్చే పిలకల మీద కాసే పండుకి ఇంకా రెండేళ్ళుంది.